మీసం కుదిరిందా

ముందుగది. స్టాండు మీద కెమెరా, దాని వెనక రిటైరైన రైలు డ్రైవరు. గుమ్మం దగ్గర, ఆయన పాత యూనిఫారం తొడుక్కుని ఆయన భార్య.

"నవ్వకు. డ్యూటీకి వెళ్లేవాడు అలా ఇకిలిస్తూ వెళ్తాడా?"

"మీ ప్యాంటు జారిపోతోందండీ, నవ్వక ఏం చెయ్యను? రెండు పిన్నీసులు పెట్టినా ఆగట్లేదు."

"చేత్తో పట్టుకో. ముందు ఆ మీసం పెట్టుకో."

"పెట్టుకుంటాలెండి, జిగురు ముక్కుకెక్కుతోంది. ఒక చేతిలో మీ సంచీ, ఇంకో చేతిలో రిమోటూ ఈ మీసమూ, ప్యాంటు దేంతో పట్టుకోను?"

"ఆ రిమోటు మాటెత్తకు."

"నేనెత్తానా? గ్యాలరీ ఆవిడ ఎత్తింది. సెల్ఫ్ పోర్ట్రెయిట్ అంటే ఎవరి ఫొటో వాళ్లే తీసుకోవాలట. బటన్ మీ ఆయన నొక్కితే అది మీ ఆయన తీసిన ఫొటో అవుతుందమ్మా అంది. సాయంత్రానికి ఆఖరి ఫొటో పంపకపోతే, ప్రదర్శనలో నా ఫొటోలకిచ్చిన గోడ ఇంకెవరికో ఇచ్చేస్తుందట."

"నువ్వు పోలీసువైతే నొక్కింది నేను. పెళ్లికూతురివైతే నొక్కింది నేను. పళ్ల డాక్టరు వేషంలో నా పన్నే పీకబోయావు, అప్పుడూ నొక్కింది నేను. ఇప్పుడు నన్ను దింపేసి రైలు పోనిస్తావా?"

"అబ్బ, ఎంత మాట."

"మరి? నేను తీసినవేగా ఆవిడ మెచ్చుకుంది."

"మెచ్చుకుంది. పోయిన నెలవైతే మరీనూ. ఒకదాంట్లో నాకు తలే లేదు. ఇంకోదాంట్లో ఉత్త మోచెయ్యీ కిటికీ. మొహమే వదిలేశారు, ఎంత ధైర్యమమ్మా మీకు అంది. ఫోను పట్టుకుని నవ్వాపుకోలేక చచ్చాను."

"ధైర్యం నాది. చెప్పకపోయావా?"

"చెబితే మీ పేరు పెడుతుంది, నా గోడ పోతుంది."

"తల కావాలనే వదిలేశాను."

"కావాలనే?"

"కావాలనే. మైలు దూరంలో సిగ్నలు దీపం చూసి బండి ఆపినవాణ్ణి. నీ తల కనబడదా నాకు?"

"మరి నిన్న టీ కప్పులో కాకుండా బల్ల మీద..."

"మాట మార్చకు. పొద్దున రిమోటుతో తీసుకున్నావుగా, ఎలా వచ్చాయి?"

"దిక్కుమాలినట్టు వచ్చాయి. గోడకి పాఠం అప్పజెబుతున్నట్టున్నాను. ఆవిడకి నచ్చినవాటిలో నా చూపు కెమెరాలోకి లేదండీ. కాస్త పక్కకి ఉంది."

"పక్కనేముంది?"

"మీరున్నారు."

"ఆఁ. సరే. సరే."

"సిగ్గుపడుతున్నారా?"

"కెమెరా సర్దుతున్నాను. ఇంతకీ ఆఖరున నా వేషమే ఎందుకు?"

"మీరు డ్యూటీకి వెళ్లేటప్పుడు నేను ఒక్కసారైనా గుమ్మంలోకొచ్చానా?"

"గిన్నెలు తోముతుండేదానివి. తోమినవే తోమేదానివి. వీధి చివరిదాకా వినబడేది ఆ చప్పుడు."

"సాగనంపితే మళ్లీ రారేమోనని భయం. అందుకే ఈసారి నేను వెళ్తాను, మీరు సాగనంపండి. వెళ్లేవాళ్లకి ఎలా ఉంటుందో చూద్దామని."

"ఎలా ఉంది?"

"ప్యాంటు జారుతున్నట్టుంది."

"నవ్వించకు, స్టాండు పడిపోతుంది. అలాగే ఉండు. ఆ, మీసం బాగా కుదిరింది."

"కుదిరిందా?"

"అచ్చం నాదే. కుడివైపు కాస్త వంకరగా ఉంది, సర్దుకో."

"ఇలాగా?"

"ఇంకొంచెం. ఆ, అంతే. ఇప్పుడు నేనే వెళ్తున్నట్టుంది. ఏం, సొరుగు లాగుతున్నావేం? బాగుందంటున్నానుగా."

"బాగుందంటే చాలండీ. రిమోటు సొరుగులో పడేస్తున్నాను. ఆ గోడ ఎవరికిచ్చుకుంటుందో ఇచ్చుకోనివ్వండి. బటన్ మీరే నొక్కండి."

"నిజంగానా?"

"నిజంగానే. మీ కుడిచేతికి దగ్గర్లోనే ఉంది, కంగారుపడకండి. ఎక్కడికీ కదలకండి, నేను మీవైపే చూస్తుంటాను. మీసం ఇంకా నా చేతిలోనే ఉంది."