తల వంచొద్దన్నారు

ఆబిడ్స్ సందులో కళ్లద్దాల దుకాణం, షట్టర్ సగం దించి ఉంది. లోపల ఇద్దరే: పోయిన శ్రావణ్ భార్య భవ్య, అతని తమ్ముడు హర్ష.

"మాట మార్చకు వదినా. వీడియో ఉందా, లేదా?"

"ముందు నువ్వు చెప్పు. పొద్దున వెళ్లినవాడివి ఇప్పుడా రావడం? ఆయన అస్థికలు తీశారా?"

"తీసిన్రు. మూట కట్టిపిచ్చి గాడ్నే, శ్మశానం అల్మారిల పెట్టొచ్చిన. ఇంటికి తేవద్దు గదా."

"దానికింత ఆలస్యమా?"

"గాడ పనిచేసే పరశురాం జర లొల్లి పెట్టిండు."

"ఏం లొల్లి?"

"ఏం లే. గది నేను చూస్కుంట."

"జేబులో ఏముంది? వచ్చినప్పట్నుంచీ చెయ్యి బయటికి తియ్యట్లేదు."

"తాళాలు... ఏయ్, గా స్టూల్ గాడ వెయ్యకు వదినా. మా బాపు ఫోటో కింద. మా అన్న రోజూ తల ఆన్చే తావది."

"సరే, జరిపాను. కూర్చోనా ఇక్కడ?"

"కూసో. కూసోని చెప్పు. రోజు గిట్లనే తప్పించుకుంటున్నవ్. అండమాన్ నుంచి మా అన్న పెట్టెల వచ్చిండు. ఏమైందంటే 'నీళ్లు పోయినయ్' అంటవ్. అందరు నడిచిన్రు కదా సముద్రం అడుగున. అందరి టోపీలల్ల పోని నీళ్లు మా అన్న టోపీలనే ఎందుకు పోయినయ్?"

"టోపీ కాదు, హెల్మెట్. భుజాల మీద పెడతారు, చాలా బరువు. పైన పడవలోంచి గొట్టంలో గాలి వస్తూ ఉంటుంది. కింద మెడ దగ్గర తెరిచే ఉంటుంది."

"తెరిచి ఉంటే నీళ్లు రావా?"

"రావు. గాలి రానివ్వదు. గ్లాసు బోర్లించి బకెట్లో ముంచితే లోపలికి నీళ్లు ఎక్కవు చూడు, అలాగే. జుట్టు కూడా తడవదు. తల నిటారుగా ఉన్నంతసేపూ."

"వంచితే?"

"వంచొద్దని చెప్పారు."

"ఎవలు?"

"గైడు. ఒడ్డున చెప్పాడు, పడవలో మళ్లీ చెప్పాడు. కింద ఏం కనపడినా, చేతిలోంచి ఏం జారినా వంగొద్దు. కావాలంటే మోకాళ్ల మీద కూర్చోండి గానీ తల వంచొద్దు అని."

"అన్న వంచిండా?"

"మంచినీళ్లు ఉన్నాయా ఇక్కడ?"

"వదినా! అన్న వంచిండా?"

"ఊఁ."

"ఎందుకు?"

"తెలీదు."

"తెల్వదా? పక్కనే ఉండి తెల్వదా? గా పడవోళ్లు పోలీసులకు చెప్పిన్రంట, గవ్వ కోసం వంగిండని. మా అన్న గవ్వ కోసం వంగుతడా? ఫ్రేమ్ స్క్రూ కింద పడితే గుడ 'అరే హర్షా, జర తియ్యరా' అనేటోడు, నడుము నొప్పని."

"నీ ఫోన్ మోగుతోంది."

"అమ్మ... ఆ, చెప్పమ్మా. ఔ, దుకాన్లనే ఉన్నం. వదిన గుడ ఈడ్నే ఉంది... అడుగుతున్న. అడుగుతున్ననమ్మా... ఔ, గా ముచ్చట గుడ చెప్త. రశ్మి తిన్నదా?... సరే. సరే, పెట్టేస్తున్న."

"ఏ ముచ్చట?"

"ఏం లే... దినాలయినంక నువ్వు బషీర్‌బాగ్ పోతవంట గదా, మీ నాన్న దగ్గరికి."

"నేను పోతానన్లేదు. అత్తయ్యే పొమ్మన్నారు. నా ముఖం చూడలేనన్నారు."

"పో. కానీ రశ్మి నాంపల్లిల మా ఇంట్లనే ఉంటది."

"ఏమిటీ?"

"సముద్రం షోకుకు మొగుణ్ని పోగొట్టుకున్నది, పిల్లను గుడ పోగొట్టుకుంటది, నేనియ్య అంటుంది అమ్మ. నేనంటలే వదినా. అమ్మ అంటుంది."

"నువ్వేమన్నావు మరి?"

"నేనేమంట?"

"ఏమీ అనలేదన్నమాట. అది నా కూతురు హర్షా. పక్కన నా చీర కొంగు చేతికి తగలకపోతే నిద్రపోదు. 'నాన్న ఇంకా నీళ్లలోనే ఉన్నాడా' అని అడుగుతోంది. తండ్రి ఎలాగూ లేడు, తల్లిని కూడా లాక్కుంటారా దాని దగ్గర్నుంచి?"

"మరి చెప్పు! ఏం జరిగిందో చెప్పకపోతే మేమేమనుకోవాలె? ఇప్పుడు బషీర్‌బాగ్‌ల ఉన్నా మీది కాకినాడ. సముద్రమంటే మీకు ఇంటి ముందర వాకిలి లెక్క. మా అన్న హుస్సేన్‌సాగర్ల బోటెక్కనీకె భయపడేటోడు. గసుంటోన్ని సముద్రం అడుగుకు తీస్కపోయింది నువ్వు కాకుంటే ఎవలు?"

"నేను తీసుకెళ్లలేదు."

"మరి?"

"ఆయనే అడిగాడు."

"ఝూట్. రశ్మి మీద ఒట్టెయ్యి."

"పిల్ల మీద ఒట్లు వెయ్యను. వేసినా వెయ్యకపోయినా అదే నిజం. కళ్లజోడు తియ్యకుండా కిందికి దిగే దారేదైనా ఉందా అని ఆయనే అక్కడ అందర్నీ అడిగాడు. కిందికి దిగే మిగతా పద్ధతుల్లో ముఖానికి బిగుతుగా అద్దం కడతారు. జోడు తీస్తే ఆయనకి తన చెయ్యి తనకే కనపడదు, నీకు తెలుసుగా. హెల్మెట్ అయితే జోడు పెట్టుకునే నడవచ్చన్నారు. వెంటనే సరేనన్నాడు. నేనే వద్దన్నాను."

"కిందికి పోయి ఏం చేద్దామని?"

"అది అడక్కు."

"అడుగుత."

"హర్షా, వదిలెయ్. తప్పు నాదే అనుకోండి. అనుకుంటున్నారు కదా ఎలాగూ."

"పిల్ల కావాల్నా, వద్దా నీకు?"

"పిల్లని అడ్డం పెట్టి అడుగుతున్నావా?"

"చెప్పు వదినా. కావాల్నా, వద్దా?"

"ఒక్క మాట ఇవ్వు. ఈ వీడియో చూశాక అత్తయ్యకి చెప్పకూడదు. ఇప్పుడూ, ఎప్పుడూ."

"చెప్ప. అమ్మ తోడు."

"ఇంద, ఫోన్ పట్టుకో. కింద వాళ్ల మనిషే ఒకడు తీసింది. మాటలేం వినపడవు, నీళ్ల చప్పుడే. నేను చూడను. ఒకసారి చూశాను, చాలు."

"గీ పచ్చ చున్నీ నడుముకు కట్టుకున్నది నువ్వు... ఈడు గైడ్... అన్న. సుల్తాన్ బజార్ల కొన్న పూల అంగీ. నేనే బేరం చేసిన గా అంగీ... వదినా, అన్న నవ్వుతుండు. చేపలకు రొట్టె వేసుకుంట నవ్వుతుండు."

"చూడు."

"ఇగ అంగీల చెయ్యి పెట్టిండేంది? ఏందో తీస్తుండు... ఎర్రగ... ఆగు ఆగు. వెనక్కి ఎట్ల పోవాలె?"

"వేలితో జరుపు."

"ఎర్రబట్ట. మూట... గిది నేను తెచ్చిచ్చిన మూట గదా? బాపు అస్థికలు."

"ఊఁ."

"గదెట్ల? అవి ముందురోజే కలిపిండు గదా! ఫోన్ చేసి చెప్పిండు. స్పీకర్ల నేను గుడ విన్న. 'అయిపోయిందమ్మా, బాపు సముద్రంల కలిసిండు' అన్నడు. అమ్మ ఎంత ఏడ్చింది, ఎంత ఖుష్ అయ్యింది!"

"అబద్ధం చెప్పాడు. కలవలేదు. ఒడ్డున నిలబడి గుప్పెడు వేశాడు, అల తెచ్చి ఆయన కాళ్ల మీదే పోసింది. నడుం లోతుకి వెళ్లి వేశాడు, మళ్లీ వచ్చింది. పక్కన ఎవరివో పిల్లలు ఆడుకుంటున్నారు, వాళ్ల కాళ్ల మీదికి కూడా. ఆయన ఏడ్చేశాడు హర్షా. 'తిరిగి రాకుండా వదలమంది అమ్మ. బాపు చూస్తే నా కాళ్లనే పట్టుకుంటుండు' అన్నాడు."

"అమ్మ అన్నది నిజమే. మూసీల కలుపుతమంటే వద్దన్నది. గా మురికిల వద్దు, ఆయన సముద్రం ఎన్నడు చూడలే, సముద్రంలనే కలపాలె అన్నది. అందుకే గదా ఏడాది సంది శ్మశానం అల్మారిల ఉంచింది."

"సెలవులు, టికెట్లు, అన్నీ ఆ మూట కోసమే. సరదాకి వెళ్లింది కాదు. అత్తయ్యకీ తెలుసు ఆ సంగతి. కోపంలో మర్చిపోయారు."

"తర్వాత?"

"తడి ఇసకలో కూర్చుని మూటంతా వెతికాడు. మామయ్య విరిగిన కాలి ఎముకకి స్క్రూలతో బిగించిన స్టీలు పట్టీ ఉండేది కదా, చాదర్‌ఘాట్ వంతెన మీద స్కూటర్ పడ్డప్పుడు వేసింది. అది కాలిపోదు, అస్థికలతోనే కట్టాం అన్నాడు. దాని చుట్టూ మూట బిగించి పడవలోంచి వేస్తే ఆ బరువుకి అడుక్కి పోతుందని. కనపడలేదు. శ్మశానంలో ఎవరైనా తీసేసుంటారులే అన్నాను నేను."

"పట్టీ లేకుండెనా దాంట్ల?"

"లేదు హర్షా."

"ఆ. చెప్పు."

"ముఖం అలా పెట్టావేం?"

"ఏం లే. చెప్పు నువ్వు."

"చెప్పడానికేముంది. రాయి కట్టి పడవలోంచి వేసినా ముడి ఊడి తేలిపోతుంది, నేనే కిందికి పోయి రాయి కింద పెట్టొస్తా అన్నాడు. గైడుకి చెబుదామంటే చెప్పనివ్వలేదు, చెప్తే మూటతో దిగనివ్వరని. పడవలో చెవిలో చెప్పాను, 'మోకాళ్ల మీద కూర్చుని పెట్టు, తల మాత్రం వంచకు' అని. 'నేనేమన్న చిన్నపిల్లగాణ్ణా' అన్నాడు."

"కూసున్నడు వదినా. ఇగో, మోకాళ్ల మీద్నే కూసున్నడు. తల నిటారుగనే ఉంది. మూట పెట్టిండు. రాయి గుడ పెట్టిండు. అంత మంచిగనే చేసిండు..."

"ఇంకా ఉంది."

"చేతులు జోడిస్తుండు... గైడ్ చెయ్యి ఊపుతుండు... అయ్యో. అయ్యో, అన్నా! వద్దురా!"

"ఆపెయ్. ఇంక చూడకు."

"తల ఆన్చిండు. నేలకు ఆన్చిండు. ఈడ బాపు ఫోటో కింద ఆన్చినట్టే..."

"రోజూ చేసేదే కదా. షట్టర్ ఎత్తగానే ముందు అదే పని. అంత చెప్పినా, చెయ్యి మూటని వదలగానే తల దానంతటదే వంగిపోయింది. నేను అరిచాను. హెల్మెట్లో నా అరుపు నాకే వినపడింది. ఫోన్ ఇలా ఇవ్వు."

"ఇన్ని దినాలు ఎందుకు చెప్పలే? ఇంటి మీదికొచ్చిన చుట్టాలందరు నిన్ను అన్నరు. మీ నాన్నను గుడ వదలలే. నేను గుడ అన్న."

"ఏమని చెప్పను? 'అత్తయ్యా, మీరు పంపిన మూటకి మొక్కబోయి మీ కొడుకు చచ్చిపోయాడు' అనా? ఆవిడ బతుకుతారా? నన్ను తిట్టుకుంటూ అయినా లేచి నాలుగు మెతుకులు తింటున్నారు. నాకు కోపం లేదనుకోకు. ఆవిడ మీద కోపం, ఆయన మీద కోపం, నీ మీదా కోపమే. పళ్లు బిగబట్టి తిరుగుతున్నాను ఇంట్లో. అయినా ఆ మాట నోటికి రాదు."

"రశ్మిని నువ్వే తీస్కపో. అమ్మతోని నేను మాట్లాడ్త."

"ఏం మాట్లాడతావు? మాటిచ్చావు నాకు."

"ఏదో ఒకటి చెప్త. నీ తప్పేం లేదని చెప్త. ఫికర్ చెయ్యకు. పిల్ల నీ దగ్గర్నే ఉంటది. మాఫ్ చెయ్యి వదినా."

"నిన్నేం అనను. కానీ ఒక్కటి గుర్తుపెట్టుకో. అత్తయ్యకి మిగిలింది ఒకటే, మామయ్య సముద్రం చేరాడన్న తృప్తి. అదొక్కటీ ఆవిడకి ఉండనీ. నాకూ అదే మిగిలింది. ఏడుపు ఆగనప్పుడు అదే అనుకుంటాను, పోనీలే, ప్రాణం పోయినా తండ్రిని చేర్చాల్సిన చోటికి చేర్చాడు అని."

"గట్ల అనకు."

"ఏం? తప్పేముంది అందులో?"

"గట్ల అనకు వదినా. నీ కాళ్లు మొక్కుత."

"హర్షా, చెయ్యి... జేబంతా రక్తం! తియ్యి, చెయ్యి బయటికి తియ్యి. ఏం పట్టుకున్నావు? తాళాలన్నావు!"

"మీరు అండమాన్ పోయే రోజు మూట తెచ్చింది నేనే గదా. కింద పెట్టొద్దు, విప్పొద్దు, వెనక్కి చూడొద్దన్నది అమ్మ. గట్లనే తెచ్చిన. విప్పలే. చూడలే."

"తెలుసు. నువ్వే తెచ్చిచ్చావు ఆయన చేతికి."

"లోపటికి గుడ పోలే. నాకు శ్మశానమంటే భయం. గేటు కాడ బండి మీద్నే కూసోని, బాపు పేరు చెప్పి, శ్యామ్‌సుందర్ సాబ్‌ది ఇయ్యిన్రి అన్న. పరశురాం లేకుండె. ఎవలో ఒక ముసలామె తెచ్చి చేతిల పెట్టింది. ఎర్రబట్ట మూట. అన్ని ఎర్రబట్టలే గదా వదినా, అల్మారిల..."

"ఏం చెప్తున్నావు నువ్వు?"

"ఇయ్యాల అన్న మూట పెట్టనీకె పోతే పరశురాం లొల్లి చేసిండు. 'ఏడాది సంది అల్మారి ఆపుకున్నరు, ముందు మీ బాపును తీస్కపోన్రి' అని. తీస్కపోయినం అన్న. లేదన్నడు. ఇనలే. మూట తెచ్చి నా ముందర విప్పిండు. దాంట్ల ఇది ఉండె. ఇగో... చూడు."

"ఇది... స్క్రూలు... ఇది మామయ్య కాలి స్టీలు పట్టీ."

"ఔ."

"అయితే శ్రావణ్ ఎవరికి తల వంచాడు హర్షా?"