కోటలోకి వెళ్ళిన పెళ్ళిబట్ట

“ఆ టూరిస్టావిడ రాజుగారింటివాళ్ళే కట్టే బాటిక్ కట్టుకొచ్చింది. దానితో జోగ్జా కోటలోకి రానివ్వరని నీకు తెలియదా?”

“అయితే నా పెళ్ళిబట్ట ఇస్తారా?”

“పొద్దున తొందరలో చేతికందింది సంచిలో వేసుకున్నాను.”

“కట్టిందెవరు?”

గైడు కాఫీ గ్లాసులోకి చూశాడు.

“ఆవిడకి కుచ్చిళ్ళు పెట్టడం రాదు.”

“పెళ్ళినాడు నాకూ రాలేదు. మా అమ్మ కట్టింది.”

“పరాయిదేశం మనిషి మీద అసూయేమిటే?”

“అసూయే. ఆవిడకి గుమ్మం గుమ్మానికీ ఆగి కథలు చెప్పారు. ఇన్నేళ్ళు కోట వెనకే కాపురం చేస్తున్నా, నన్ను ఒక్క గుమ్మం దాటించారా?”

“నువ్వెప్పుడూ అడగలేదు.”

ఆమె ఇంకేమీ అడగలేదు. అన్నం గిన్నె చాప మీద పెట్టి, అత్తగారినీ పిల్లలనీ పిలిచింది.

“రేపు వంట మీదే, అత్తయ్యా,” అంది నెమ్మదిగా. “ఈయన నాకు కోట చూపిస్తున్నారు. పిల్లలు రావడం లేదు.”