బావని పిలిచిన జపాను పిలుపు

భ్రమరాంబని, మా వీధి చివర పిండిమర ఆడిస్తది, దేన్నీ ఓ పట్టాన నమ్మే మనిషి కాదనుకో. పాలవాడు నవ్వుతా వస్తే ఇవాళ నీళ్ళెక్కువ కలిపాడంటది. తమ్ముడి కూతురు మాణిక్యాన్ని కొడుకు శేషుకి చేసుకుందామని మాట ఖాయం చేసుకుంది. పిల్లకి చిన్నప్పట్నించీ బావంటే ప్రాణం. ఏమైందంటే, ఆ పిల్ల మేనత్తని చూడ్డానికొచ్చి, పట్నంలో ఉన్న బావతో ఫోనులో మాట్లాడతా "ఓనీచాన్, ఓనీచాన్" అంటందంట. ఈవిడ తలుపు చాటునుంచి వింది. ఇదేం మంత్రం, నా కొడుక్కి మందు పెడతందా ఏంటి అని ఆడే మరని ఆపేసి మరీ చెవి ఒగ్గింది.

పిల్లని నిలదీస్తే, మంత్రం కాదత్తా, జపాను బొమ్మల సినిమాలు చూసేవాళ్ళం ఫోనులో ఓ గుంపున్నాం, అందులో ఆడపిల్లలు ఇష్టమైనవాణ్ణి అట్టాగే అంటారు, ప్రియమైనవాడా అని అర్థమంట, అంది. అంట! ఎవరు చెప్పారే? అందరూ అంటారత్తా. ఆ అందరిలో జపానువాడి మొహం చూసినోడు ఒక్కడన్నా ఉన్నాడా అంటే, లేడంట. ఒకళ్ళు అన్నారని ఇంకొకళ్ళు అనటమే, చూడు మరి.

భ్రమరాంబ ఊరుకుంటదా? రొయ్యల కంపెనీకి జపానువాళ్ళొస్తే వాళ్ళ మాటలు తెలుగులో చెప్పే మాస్టారొకాయన ఉన్నాడు, ఆయన దగ్గరికి పోయింది. అది అన్నయ్యని పిలిచే పిలుపమ్మా, అన్నాడాయన. ఇంకేముంది! అన్నా అన్న నోటితో మొగుడంటదా? వరస చెడ్డాక పెళ్ళెట్టా చేస్తామని కూర్చుంది. పిల్ల ఏడ్చి ఏడ్చి, నాకు తెలీదత్తా, బావే నన్నట్టా పిలవమన్నాడు, అంది.

అక్కడ ఆగింది భ్రమరాంబ. లోకం మీదంతా అనుమానపడే మనిషి, కన్నకొడుకు మీద ఏనాడూ పళ్ళేదనుకో. శేషుని పిలిపించి, ఒరే, నీకు అర్థం తెలుసా అనడిగితే, వాడు నేల చూస్తా, తెలుసమ్మా, అన్నాడు. నాకీ పెళ్ళి ఇష్టం లేదు, నీకు చెప్పే ధైర్యం లేదు, ఆ పిలుపు నీ చెవినపడి వరస చెడితే నువ్వే మానేస్తావనుకున్నా, అన్నాడు.

మాణిక్యం కళ్ళు తుడుచుకుని వాడి ఎదురుగా నిలబడింది. "ఇన్నాళ్ళూ తెలీక పిలిచా. ఇప్పుడు తెలిసే పిలుస్తన్నా. అన్నయ్యా, చెల్లెలికి చీర పెట్టి పంపించు," అంది.

భ్రమరాంబ మటుకు, పెళ్ళెందుకు ఆగిందని ఎవరడిగినా, తప్పంతా ఆ జపానువాళ్ళదేనంటది.