ఆలోచించనివాడి మంచుదారి

కోతలు కోయడం ఈ ఎల్మార్‌కి చేతకాదు, ఉన్నదున్నట్టే చెప్తా. ఆ మధ్యాహ్నం మన దీవి దుకాణంలో పొయ్యి చుట్టూ కూర్చుని కాఫీ తాగుతున్నాం. తార్తూ యూనివర్సిటీ నుంచి ఒకావిడ కాగితాలు పట్టుకుని వచ్చింది, మనుషులు ప్రాణాలకు ఎందుకు తెగిస్తారో చదువుతోందట. ఆలోచించి అడుగేస్తారా, అడుగేశాక ఆలోచిస్తారా అని నన్నడిగింది. అమ్మా, మనసు చెప్తుంది, కాళ్ళు వింటాయి, మధ్యలో ఆలోచనకి పనేముంది అన్నా. రాసుకుంది పాపం.

ఇక చెప్పక తప్పలేదు. ఒక ఏడు సముద్రం గడ్డకట్టింది గానీ, దాని మీద బళ్ళు పోయే మంచుదారిని సర్కారువాళ్ళు ఇంకా తెరవలేదు. అవతలి ఒడ్డు పాతిక కిలోమీటర్లు. మంచు విరిగితే దూకెయ్యడానికి సీటు బెల్టు తీసేశా, తలుపు ఓరగా తెరిచిపెట్టా, బండి మంచు మీదికి దించేశా. మంచు మందం జానెడు.

“పోయినసారి మూరెడన్నావు,” అన్నాడు పొయ్యికి అవతల కూర్చున్న హెయ్నో.

నువ్వు జడుసుకుంటావని ఎక్కువ చెప్పానయ్యా, అసలైతే బెత్తెడే అన్నా. ఆ తర్వాత ఏమైందో తెలుసా? సగం దారిలో వెనక ఠప్పుమంది. పగులు! నేను తొంభైలో పోతుంటే అది నూటపదిలో తరుముకొస్తోంది. ఇంకొకడైతే ఆలోచించేవాడు, మునిగేవాడు. నేను గట్టిగా తొక్కా. బండి గాల్లోకి లేచి అవతల మంచుగడ్డ మీద పడింది. ఆ గడ్డా ఊడిపోయి తెప్పలా కొట్టుకుపోతుంటే, నాలుగు సీల్‌లు వచ్చి మూతులతో రేవుదాకా తోశాయి. టైరు తడిస్తే ఒట్టు.

గుమ్మంలో నిలబడి వింటున్న కుర్రాడు తానెల్ లోపలికొచ్చాడు. వాడి పెళ్ళాం ఆ పొద్దున్నే అవతలి ఒడ్డున ఆస్పత్రిలో ఆడపిల్లని కన్నది. సముద్రంలో నీళ్ళు తగ్గి, మంచు చీల్చుకుంటూ పోయే ఓడ మర్నాటిదాకా కదలదన్నారు.

“బాబాయ్, ఇవాళ మంచు బెత్తెడు పైనే ఉంది. నువ్వు పోయావుగా, నేనూ పోతా,” అన్నాడు. బండి తాళాలు చేతిలోనే ఉన్నాయి.

వద్దంటే నా మాట అబద్ధమవుతుంది, సరేనంటే వాడు బిడ్డ మొహం చూడడు. అయినా చూడండి నా ఖర్మ, ఖాళీ కప్పులో కాఫీ వెతుక్కుంటూ కూర్చున్నా.

మా ఆవిడ ఉర్వే అల్లుతున్న మేజోడు పక్కన పెట్టింది.

“తానెల్, ఈయన బండి ఆ రోజు ఒడ్డు దిగనేలేదు. అంచున పదకొండు చోట్ల మంచుకి బొక్కలేసి, కొలుచుకుని, వణుక్కుంటూ ఇంటికొచ్చాడు. మర్నాడు ఓడెక్కి పోయాడు. నువ్వూ ఓడలోనే పో నాయనా.”

హెయ్నో కాఫీ పొలమారేలా నవ్వాడు. తార్తూ ఆవిడ రాసింది కొట్టేసింది. తానెల్ మాత్రం నవ్వకుండా నా మొహంలోకే చూశాడు.

“నిజమేనా బాబాయ్?”

“పదకొండు కాదురా, పధ్నాలుగు,” అన్నా.

వాడు తాళాలు జేబులో వేసుకుని నా పక్కన కూలబడ్డాడు. హమ్మయ్య అనుకున్నా. ముప్పై ఏళ్ళ కాపురంలో మా ఆవిడ నలుగురిలో నా పరువు తీస్తే నా ప్రాణం లేచొచ్చింది అదొక్కసారే.