బస్టాండుకి వీపు పెట్టిన కొట్టు

బేరాల్లేని మధ్యాహ్నం. కూతురి వీడియోగేమ్ చేతిలో పట్టుకుని, నాన్న తన కొట్టులో కుర్చీ మీద కుదురుగా కూర్చోలేకపోతున్నాడు.

"అమ్మాయ్, ఈ ఆట మొత్తం చెరిపేయడం ఎలాగే?"

"అరవై రోజులు ఆడి ఊరంతా కట్టావు కద నాన్నా!"

"మొదటి రోజే ఈ ఆటలో కొట్టుని బస్టాండుకి వీపు పెట్టి కట్టాను. ఎంత సర్దినా ఒక్కడూ లోపలికి రావట్లేదు."

"ఇంకొన్నాళ్లు ఓపిక పట్టు."

"మొదలే తప్పయ్యాక ఓపిక దేనికి? ఆ రోజులూ దండగే."

"మరి నేను ఫార్మసీ మానేసి వడ్రంగం నేర్చుకుంటానంటే, చదివిన రెండేళ్లూ దండగైపోతాయన్నావుగా?"

"అదీ ఇదీ ఒకటా? ముందు ఇది చెప్పు."

"ఎర్ర బటన్ నొక్కు."

"నిజంగా చెరిపేయాలా అని అడుగుతోంది."

"నీ ఇష్టం."

"...నొక్కేశాను. అంతేనా?"

"అంతే. మళ్లీ మొదటి రోజు."

"ఆ వడ్రంగం ఎన్నేళ్లు నేర్పుతారన్నావు?"