పిచ్చుక లోపలికెందుకు వెళ్ళింది

"మళ్ళీ మొదటినుంచీ చెప్పమంటారా సార్?"

"మొదటినుంచీ వద్దమ్మా. మూట విప్పిన దగ్గర్నుంచి చెప్పండి చాలు."

పోలీసు స్టేషన్‌లో ఒక గది. బల్లకు అటు ఇన్‌స్పెక్టర్, ఇటు లాండ్రీలో బట్టలు ఇస్త్రీ చేసే ఆవిడ. పనిలో చిన్నా పెద్దా అందరూ ఆమెను ఇస్త్రీ అక్క అనే పిలుస్తారు. లాండ్రీలో బాంబు పేలిన తరువాత ఆమె ఈ కుర్చీలో కూర్చోవడం ఇది మొదటిసారి కాదు.

"చెప్పడానికి ఇంకా ఏముంది సార్. హోటల్ నుంచి మూటలొచ్చాయి. దుప్పట్లు వేరే, తువ్వాళ్ళు వేరే, దిండు గలీబులు వేరే చెయ్యాలి. ఒక మూట బరువుగా ఉంది. తడి తువ్వాళ్ళేమో అనుకున్నా. చెయ్యి పెడితే గట్టిగా తగిలింది."

"అప్పుడు?"

"బయటికి లాగా. రేకు డబ్బా. చుట్టూ టేపు చుట్టి ఉంది. తీగలున్నాయి. చిన్న లైటు వెలుగుతూ ఆరుతూ ఉంది."

"చూడగానే బాంబని తెలిసిందా?"

"నాకేం తెలుస్తుంది సార్. బాంబు నేనెప్పుడు చూశాను. హోటల్లో దిగినవాళ్ళెవరో రేడియో మర్చిపోయారేమో అనుకున్నా ముందు. ఆ లైటు చూసేసరికి ఎందుకో అనుమానమొచ్చింది. మెల్లిగా బల్లమీద పెట్టేసి అరిచా."

"ఏమని?"

"అందరూ బయటికి పొండి, బయటికి పొండి అని. మెషిన్లు తిరుగుతుంటే మామూలుగా అంటే ఎవరికీ వినపడదు. గొంతు చించుకునే అరిచా."

"అందరూ వెళ్ళారు."

"వెళ్ళారు సార్."

"పిచ్చుక కూడా."

"అదీ వెళ్ళింది. అందరితోపాటు ముందు గుమ్మం వైపు పరిగెత్తడం నా కళ్ళతో చూశా."

"మీతో పనిచేసిన ఆ అమ్మాయిని పిచ్చుక అని ఎందుకంటారు?"

"నోరు మూత పడదు సార్ దానికి. పడదు అంటున్నా. పడేది కాదు. పొద్దున వచ్చిన దగ్గర్నుంచి కిచకిచమంటూనే ఉండేది. దుప్పటి విప్పి మరక చూసి కథ చెప్పేది. కాటుక మరకుంటే, ఈవిడ రాత్రంతా ఏడ్చిందక్కా, ఆయన గుర్రు పెట్టి పడుకున్నాడక్కా అనేది. టీ మరకుంటే, కొత్తగా పెళ్ళైనవాళ్ళక్కా, మంచం దిగడానికి బద్ధకం వీళ్ళకి అనేది. ఒకసారి ఏ మరకా లేని దుప్పటొచ్చింది. చాలాసేపు చూసి, వీళ్ళు మనుషులు కారక్కా, అంది. మా ఓనరుగారు కూడా నవ్వాపుకోలేకపోయారు."

"నీళ్ళు తాగండి."

"వద్దు సార్. పెట్టినవాళ్ళు దొరికారు కదా. టీవీలో చూపించారు."

"దొరికారు. హోటల్లో పెద్ద మీటింగు ఉంది. దానికోసం పెట్టారు. గదిలో మంచం పక్కన, మాసిన దుప్పట్ల కింద దాచారు. గదులు సర్దే మనిషి చూసుకోకుండా మొత్తం మూట కట్టి మీకు పంపేశాడు."

"అంటే మాకు సంబంధమే లేదు."

"లేదు."

"మాకోసం కానే కాదు."

"కాదమ్మా."

"మరి నన్నెందుకు పిలిపించారు సార్?"

"ఒక్క ముక్క మిగిలిపోయింది. అది తేలకుండా నేను కేసు మూయలేను. ఆ అమ్మాయి బయటికొచ్చింది. గేటు దాటి రోడ్డుమీదికి వచ్చింది. చూసినవాళ్ళున్నారు. వచ్చినదల్లా మళ్ళీ లోపలికెందుకు వెళ్ళింది?"

"ఏదో మర్చిపోయి ఉంటుంది సార్."

"ఏం మర్చిపోయింది?"

"ఫోనేమో."

"ఫోను చేతిలోనే ఉంది."

"అయితే చెప్పులేమో. లోపల చెప్పులిప్పి తిరిగేది."

"చెప్పులకోసం బాంబున్న చోటికి ఎవరన్నా వెళతారా?"

"చిన్నపిల్ల సార్. దానికేం తెలుసు."

"చిన్నపిల్లేం కాదు. చూడండమ్మా, ఈ పేపరు చూశారా? బయటికొచ్చిన కార్మికురాలు తిరిగి లోపలికి ఎందుకు వెళ్ళింది, ఆమెకు ముందే తెలుసా, అని వేశారు. మేం ఆ మాట అనలేదు. కానీ కాదని చెప్పడానికి మా దగ్గర ఏమీ లేదు."

"ముందే తెలియడమేంటి సార్. చీమని తొక్కితే అయ్యో అనే పిల్ల."

"నాకూ అలాగే అనిపిస్తోంది. అనిపిస్తే సరిపోదు. వాళ్ళమ్మ మీ గేటు ఎదురుగా టీ బండి పెట్టుకుంటుంది కదా?"

"అవును సార్."

"ఇప్పుడు ఆ బండి దగ్గరికి ఎవరూ పోవడం లేదు. తెలుసా?"

"తెలుసు సార్. నేనూ పోవట్లేదు."

"మీరెందుకు పోవట్లేదు?"

"పని లేదు కదా సార్ ఇప్పుడు. లాండ్రీ మూసేశారు. అటువైపు పనేముంది."

"ఏ గుమ్మంలోంచి బయటికొచ్చారు మీరు?"

"చెప్పాను కదా సార్. అందరూ ముందు గుమ్మం నుంచే."

"అందరి సంగతి కాదు. మీ సంగతి."

"నేను... నేనూ వచ్చాను సార్ బయటికి. గోడ అవతల కూర్చుండిపోయా. పేలినప్పుడు మట్టంతా నా మీద పడింది. చెవులు ఇప్పటికీ సరిగా వినపడట్లేదు."

"ఏ గోడ?"

"వెనక గోడ."

"అంటే వెనక తలుపు నుంచి వెళ్ళారు."

"మూటలు విప్పే బల్ల వెనక తలుపు పక్కనే సార్. ముందుకి పోవాలంటే ఆ డబ్బాని దాటుకుని పోవాలి. తలుపు తోసుకుని సందులోకి పడ్డా."

"మీరు వెనక నుంచి వెళ్ళినట్టు ఎవరు చూశారు?"

"ఎవరూ చూడలేదు."

"పిచ్చుకకి తెలుసా?"

"దానికెలా తెలుస్తుంది సార్. అది అప్పటికే ముందుకెళ్ళిపోయింది."

"మరి బయట నిలబడి అందరినీ చూసుకున్నప్పుడు మీరు కనపడకపోతే..."

"సార్, నేను ఇంటికి వెళ్ళొచ్చా?"

"వెళ్ళొచ్చు. ఎవరూ ఆపరు. మీరు తప్పు చేశారని నేననడం లేదు. మీరు అరవకపోతే పదిమంది పోయేవాళ్ళు."

"అందరూ అదే అంటున్నారు సార్. ఓనరుగారు ఇంటికొచ్చి చేతులు పట్టుకున్నారు. మా ఆయన నలుగురికీ చెప్పుకుని తిరుగుతున్నాడు, మా ఆవిడ ఇంతమందిని కాపాడింది అని. పక్కింటివాళ్ళు పిల్లలకి చూపిస్తున్నారు నన్ను. ఇంట్లో నాకు అన్నం సహించట్లేదు. ఎవరికని చెప్పను?"

"నాకు చెప్పండి."

"రాసుకుంటారా?"

"ముందు చెప్పండి. తర్వాత రాద్దాం."

"విన్నాను సార్."

"ఏం విన్నారు?"

"దాని గొంతు. గోడ అవతల కూర్చుని ఉన్నా. లోపల్నించి అక్కా, అక్కా అని వినపడింది. ఇంకెవరో అనుకోవడానికి లేదు. దాని గొంతే. ఇస్త్రీ బల్ల దగ్గర వెతుకుతోందనుకుంటా, అటునించి వచ్చింది పిలుపు."

"మీరు పలికారా?"

"నోరు తెరిచాను సార్. ఇక్కడున్నానే, బయటికి పో అందామని. మాట రాలేదు. అంతకుముందు అంత గట్టిగా అరిచిన గొంతు సార్, ఆ వేళకి పెగల్లేదు. లేచి తలుపు దగ్గరికైనా పోలేదు నేను. ఇంకోసారి అక్కా అంది. అంతే. తర్వాత పేలింది, మట్టి నా మీద పడింది. నాకోసమే వెళ్ళింది సార్ అది. ఇంక దేనికోసమూ కాదు. రాసుకోండి."

"కాసేపు కూర్చోండి అమ్మా."

"రాసుకోండి సార్. దానికేమీ తెలియదని రాయండి. నాకోసమే వెళ్ళిందని రాయండి. నేను పలకలేదని కూడా రాయండి."

"పలకలేదన్నది అక్కర్లేదు. అది కేసుకి సంబంధం లేదు."

"నాకుంది సార్."

"నేను చెప్పేది వినండి. భయంతో గొంతు పోవడం తప్పు కాదు. మీరు పలికినా మెషిన్ల చప్పుడులో తనకి వినపడేది కాదేమో."

"తన గొంతు నాకు వినపడింది కదా సార్. ఎక్కడ సంతకం పెట్టాలి?"

"ఇక్కడ. పేపరువాళ్ళకి సాయంత్రం నేనే చెబుతాను. ఆ అమ్మాయి తోటి మనిషికోసం వెళ్ళి చనిపోయిందని రేపు వేస్తారు."

"వాళ్ళమ్మకి ఎవరు చెబుతారు?"

"మావాళ్ళని పంపుతాను."

"వద్దు సార్. పోలీసులు ఇంకోసారి ఆ బండి దగ్గర ఆగితే ఆవిడ అక్కడే కూలబడిపోతుంది. నేను చెబుతాను."

"చెప్పగలరా?"

"ఏమో సార్. వెళ్ళి నిలబడితే మాట వస్తుందేమో చూస్తా."

ఆమె స్టేషన్ నుంచి తిన్నగా లాండ్రీ వీధికి వెళ్ళింది. గేటుకు తాళం. ఎదురుగా టీ బండి. పొయ్యి వెలుగుతోంది, గ్లాసులు కడిగి బోర్లించి ఉన్నాయి, తాగేవాళ్ళు మాత్రం ఎవరూ లేరు.

"పిన్నీ."

"ఎవరూ? నువ్వా. రా. బల్లమీద దుమ్ముంది, ఉండు తుడుస్తా."

"వద్దు పిన్నీ, నేను..."

"కూర్చో ముందు. టీ పెట్టనా? పాలున్నాయి. పొద్దున పోయించుకున్నవి అలాగే ఉన్నాయి. అలవాటు చొప్పున అన్నే పోయించుకుంటున్నా."

"రోజూ వస్తున్నావా బండికి?"

"ఇంట్లో ఏం చెయ్యను? దాని బట్టలు దండెంమీద అలాగే ఉన్నాయి. తియ్యబుద్ధి కాదు. ఇక్కడైతే రోడ్డు చూస్తూ కూర్చోవచ్చు. నీకు దెబ్బలేం తగల్లేదు కదా? చెవి బాలేదన్నారు."

"పర్లేదు పిన్నీ."

"డాక్టరుకి చూపించుకో. చెవితో పెట్టుకోకూడదు."

"పిన్నీ, నీతో ఒక మాట చెప్పాలని వచ్చా."

"చక్కెర వెయ్యనా? నువ్వు తక్కువ తాగుతావని అది చెప్పేది. ఇంటికొచ్చాక నీ కబుర్లే. అక్క ఇలా అంది, అక్క అలా నవ్వింది. విని విని విసుక్కునేదాన్ని. నీకు ఆ అక్క తప్ప ఇంకెవరూ లేరటే అని."

"పిన్నీ, టీ వద్దు. నా మాట విను."

"వింటున్నా. చెప్పు."

"స్టేషన్ నుంచి వస్తున్నా. ఇన్‌స్పెక్టర్‌గారికి చెప్పొచ్చా. పిచ్చుకకి ఏమీ తెలియదని. రేపు పేపర్లో సరిగ్గా వేస్తారంట. ఇంక ఎవరూ ఏమీ అనరు నిన్ను."

"ఏమని చెప్పావు?"

"అది నాకోసం లోపలికెళ్ళిందని. నేను వెనక తలుపు నుంచి పారిపోయాను పిన్నీ. దానికి తెలియదు. నేను లోపలే ఉండిపోయాననుకుంది. పిలిచింది నన్ను. రెండుసార్లు పిలిచింది. విన్నాను. పలకలేకపోయాను. నన్ను తిట్టు పిన్నీ. కొట్టు. నీ ఇష్టం వచ్చినట్టు చెయ్యి. నేనేమీ అనను."

"లే. కాళ్ళు పట్టుకోకు, లే. రోడ్డుమీద అందరూ చూస్తున్నారు."

"చూడనీ పిన్నీ. నీ బిడ్డ నావల్ల పోయింది."

"పిలిచిందా నిన్ను?"

"పిలిచింది."

"అక్కా అనేనా?"

"అక్కా అనే."

"గొంతు ఎలా ఉంది? ఏడుస్తోందా?"

"లేదు పిన్నీ. వెతుకుతున్నట్టుంది, అంతే. ఎప్పుడూ పిలిచేటట్టే పిలిచింది."

"మంచిది. అది తెలిస్తే చాలు నాకు."

"నన్ను ఒక్క మాటైనా అను పిన్నీ."

"నిన్నేమంటాను. ఇన్‌స్పెక్టర్ రాసుకున్నాడా, తనంతట తనే వెళ్ళిందని?"

"రాసుకున్నారు. నన్ను వదిలెయ్యలేక వెళ్ళిందని చెప్పా. నిజమే కదా పిన్నీ, అది అలాంటి పిల్లే కదా."

"అలాగే ఉండనీ. ఎవరడిగినా అలాగే చెప్పు. పేపర్లోనూ అలాగే రానీ."

"అలాగే ఉండనీ అంటావేంటి? జరిగిందే అది కదా."

"నువ్వు వెనక ఉన్నావమ్మా. ముందువైపు నీకేం తెలుసు."

"ఏం తెలియదు పిన్నీ? ఏం జరిగింది?"

"పరిగెత్తుకుంటూ నా దగ్గరికే వచ్చింది. ఈ బండి వెనకే దాక్కుంది. లోపల ఏదో డబ్బా అంటమ్మా, అక్క అరిచింది, వచ్చేశాం అంది. నాకు అర్థం కాలేదు. ఏ కుక్కర్ మూతో ఊడిందేమో అనుకున్నా. అక్కేదే అన్నాను. చూసింది అటూ ఇటూ. రాలేదమ్మా అంది."

"పిన్నీ..."

"అంత ప్రేమగా చూసుకునే మనిషిని వదిలేసి ఎలా వచ్చావే, వెళ్ళి పిలుచుకు రా అన్నాను. నా కొంగు పట్టుకుంది. గట్టిగా పట్టుకుంది. నేనే విడిపించాను. భయంగా ఉందమ్మా అంది. ఏం కాదు పోవే, అన్నాను."